వినుటయు నొక విద్యయే
(వార్షిక మహాసభ రెండవనాటి సమావేశమున జరిగిన యుపన్యాసము)



నిన్నటినుండి ఈ వేదికపై విద్యానిధిని గుఱించియు, కల్యాణమండపమును గుఱించియు, విద్యార్థి వసతిగృహమును గుఱించియు పెద్దలు ప్రసంగించుచున్నారు. నాకు నియమింపబడిన విషయ మంత యుత్సాహకరమైనది కాదు. మనసు చెదరిన మనుష్యునితో మనశ్శాస్త్రజ్ఞుడు గదిలో గూర్చుండి మాటలాడునప్పుడు ఆ మాటలు ఎట్లున్న ఫలించును, ఎట్లున్న చెడును అనునది నా విషయము. ఆంగ్లమున దీనిని క్లినికల్ ఇంటర్వ్యూ అందురు. నేను సౌకర్యము కొఱకు 'పరిప్రశ్న' యని వ్యవహరింతును. సభవారిలో నూటికి తొంబదిమంది వ్యవసాయదారులు, వర్తకులు, ఉద్యోగులు గదా, ఈ శాస్త్రము వారికేల యని మిత్రులొకరు నన్నడిగిరి. కారణ మిది. రేపటి తీర్మానములలో మన వసతిగృహమున సలహాగది యొకటి నెలకొల్పవలెనను తీర్మానము కలదు. ఆ గదిలో జరుగవలసిన దేమో తెలియకయే ద్రవ్యము వెచ్చించుట యుక్తము కాదు. తెలిసినచో ఆ తీర్మానములోని యొక వాక్యమును మీరే వలదందురని నా నమ్మకము. ఆ వాక్యమును గుఱించి తుదిని మనవి చేసికొందును.

మొదట నొక భేదమును చెప్పెదను. మనోవ్యాధులకు మందు వ్రాయువారు సైకియాట్రిస్టులు. వారు వైద్యవిద్య నభ్యసించినవారు. మాటతోడను పరీక్షలతోడను పనిచేయువారు సైకాలజిస్టులు. వీరిలో క్లినికల్ సైకాలజిస్టు నని చెప్పుకొనువాని పేరు, 1992 నాటి చట్టము ననుసరించి, రిహాబిలిటేషన్ కౌన్సిలువారి పట్టికలో నుండవలెను. ఉన్నదా యని యడుగుటకు మొగమాటపడకుడు. బండి తోలువానిని లైసెన్సు అడుగుదుము గాని, బిడ్డ మనసును చేతిలో పెట్టునప్పుడు బోర్డుమీది పేరు చూచి తృప్తిపడుదుము.

మన ప్రాచీన వైద్యులు దర్శన, స్పర్శన, ప్రశ్నములను మూడింటిచేత రోగిని పరీక్షింపవలెనని చెప్పిరి. నేటి శరీరవైద్యునకు వీనికి తోడు రక్తపరీక్షలును, ఎక్స్‌రేలును, స్కానింగులును ఉన్నవి. మనశ్శాస్త్రజ్ఞునకు స్పర్శనము లేదు. దిగులును కొలుచు రక్తపరీక్షయు లేదు. ప్రశ్నపట్టికలు కలవు. 1961లో ఆరన్ బెక్ ప్రకటించిన 21 అంశముల పట్టికయు, 2001లో వెలువడిన పి.హెచ్.క్యూ.–9 అను తొమ్మిది ప్రశ్నల పట్టికయు లోకమంతట వాడుకలో నున్నవి. అవి త్రాసువంటివి. బరువెంతయో చెప్పును, మూటలో నేమున్నదో చెప్పవు. దానికి మూట విప్పవలెను, అదియు యజమాని చేతులతోనే విప్పింపవలెను. కావున ఈ వృత్తివానికి మిగిలిన సాధనములు కన్ను, చెవి, అదనునెఱిగి వేసిన ప్రశ్న.

1896లో అమెరికాలోని పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయమున లైట్నర్ విట్మర్ అను పండితుడు మొట్టమొదటి మనశ్శాస్త్ర చికిత్సాలయమును స్థాపించెను. అచ్చటికి మొదట వచ్చినది స్పెల్లింగు నేర్వలేని బాలుడు. వెంటబెట్టుకొని వచ్చినది వాని యుపాధ్యాయురాలు. బాలుడు సోమరియని తేల్చి పంపివేయుట సులభము. విట్మరు అట్లు చేయక పరీక్షింపగా కంటిచూపులోను కొంత దోషమున్నట్లు తెలిసెను. నేటికిని పరిప్రశ్నలో మొదట తెలిసికొనవలసిన విషయములలో శరీరమొకటి. థైరాయిడ్ గ్రంథి మందగించినను, రక్తము తక్కువైనను మనిషి దిగాలుపడి మూల గూర్చుండును. ఏ మందులు వాడుచున్నారు, మద్యపానమెంత, నిద్ర యెంత అని యడుగక మనసును మాత్రమే త్రవ్వువాడు నీరు లేనిచోట నూయి త్రవ్వినట్లే.

ఇక గదిలోనికి వత్తము. ఒకడు వచ్చి కూర్చుండెను. మొదటి రెండు నిమిషములలో జరుగవలసిన దేమి? వచ్చినవాడు మాటలాడవలెను, కూర్చున్నవాడు వినవలెను. ఇంత చిన్నమాట చెప్పుటకు ఉపన్యాసమెందుకందురేమో. 1984లో అమెరికాలో బెక్‌మన్, ఫ్రాంకెల్ అను నిరువురు 74 మంది రోగులు వైద్యులతో జరిపిన సంభాషణములను టేపులపై నెక్కించి పరిశీలించిరి. రోగి బాధ చెప్ప నారంభించిన పిదప వైద్యుడు సగటున 18 సెకండ్లకే అడ్డు తగిలినట్లు తేలెను. తాము చెప్పదలచినది తుదివరకు చెప్పుకొన గల్గినవారు 17 మందియే. అడ్డుపడకున్నచో రోగి సాయంకాలమువరకు చెప్పుచుండునని వైద్యుల భయము. ఆ భయమునకు జవాబు 2002లో స్విట్జర్లాండులోని బేసెల్ నగరమునుండి వచ్చినది. అచ్చట 335 మంది రోగులను వైద్యులు అడ్డుపడక వినిరి. సగటున 92 సెకండ్లలో రోగులే ముగించిరి. నూటికి 78 మంది రెండు నిమిషములు దాటలేదు. ఈ లెక్కలు శరీరవైద్యులకు సంబంధించినవి. మనోవ్యథ గలవానికి మరికొంతసేపు పట్టవచ్చును. అయినను, అడుగకముందే చెప్పుమందును, వినకముందే నిర్ణయించుమందును మనలోని తొందర యెంతటిదో ఈ రెండు సంఖ్యలే చాటుచున్నవి.

అందుచేత మొదటి ప్రశ్న వెడల్పుగా నుండవలెను. "చెప్పండి, ఏ ఇబ్బందితో వచ్చారు?" అనిన చాలును. "నిద్ర పట్టడం లేదు కదూ?" అనిన వచ్చినవాడు మర్యాదకొఱకైనను అవునను. పెద్దవారి మాట కాదనుట తప్పని మన పిల్లలకు నేర్పియున్నాము గదా! అట్టి పిల్లలనుండి నిజము రాబట్టవలెనన్న, ప్రశ్నలోనే జవాబు దాచి యడుగరాదు. వెడల్పయిన ప్రశ్నలు ముందు, ఇఱుకైన ప్రశ్నలు తరువాత: ఎన్ని దినములనుండి, రాత్రి ఎన్నిగంటలకు మెలకువ వచ్చును, అన్నము సయించుచున్నదా, చదువు తలకెక్కుచున్నదా యనునవి రెండవ వరుసవి. "ఎందుకు?" అను ప్రశ్నను మాత్రము పొదుపుగా వాడవలెను. "ఎందుకు కాలేజీకి పోలేదు?" అని తండ్రి యడిగిననాడు కుఱ్ఱవానికి తగిలిన దెబ్బయే, మనశ్శాస్త్రజ్ఞుడు మృదువుగా నడిగినను మరల తగులును. "ఆ రోజు పొద్దున లేచింది మొదలు ఏం జరిగిందో చెప్పు నాయనా" అనిన కారణము దానంతట నదియే బయటపడును.

మౌనమును గుఱించి యొకమాట. మన యిండ్లలో ఎవరైన నాలుగు క్షణములు ఊరకున్న, ఎవరో యొకరు కాఫీ తెత్తుననియో, వానలు పడలేదనియో ఆ ఖాళీని పూడ్చుదురు. పరిప్రశ్నలో అట్లు పూడ్చరాదు. మాట గొంతులోనికి వచ్చి ఆగియున్నవానికి ఆ క్షణములు కావలెను. అయితే కొయ్యబొమ్మవలె గూర్చుండి చూచుచుండుటయు మౌనము కాదు. అది పరీక్షాధికారి చూపు. తల పంకించి, "తొందరేం లేదు" అని వేచియుండుట వేఱు.

భాష విషయము మనకు మిక్కిలి ముఖ్యమైనది. నేనిచ్చట సభామర్యాద ననుసరించి గ్రంథభాషలో మాటలాడుచున్నాను గాని, గదిలో నిట్లు మాటలాడిన వచ్చినవాడు లేచిపోవును. మన తెలుగువారు 'డిప్రెషన్' అని చెప్పుకొనుచు రారు. "గుండెలో దడ", "తల బరువు", "ఒంట్లో సత్తువ లేదు", "నరాల బలహీనత", "బెంగ పెట్టుకున్నాడు", "గాలి సోకింది", "ఎవరో ఏదో చేయించారు" — ఈ రూపములలో వత్తురు. ఆ మాటను వారి నోట వచ్చినది వచ్చినట్లే వ్రాసికొనవలెను. వెంటనే ఆంగ్లపదముగా మార్చినచో సగము పోవును. బెంగ యన్నది ఎవరిమీదనో యుండును. ఎవరిమీద బెంగ యని యడిగిన కథ వచ్చును. 'డిప్రెషన్' అని వ్రాసికొన్నవానికి ఆ ప్రశ్నయే తోపదు. గాలి సోకినదన్న తల్లిని మూఢురాలని నవ్వినవాడు ఆమెను మరల చూడడు. "ఎప్పటినుంచి అలా అనిపిస్తోందమ్మా? దానికి ఇంతకుముందు ఏం చేయించారు?" అని యడిగిన ఆమె పడిన పాట్లన్నియు చెప్పును. అమెరికా మనోవైద్యుల సంఘమువారు సహితము 2013లో ప్రకటించిన తమ వ్యాధుల గ్రంథములో ఇందుకై 16 ప్రశ్నల వరుసను చేర్చిరి. నీ బాధకు నీవారు ఏ పేరు పెట్టుదురు, దేనివలన వచ్చినదని నీవనుకొనుచున్నావు అను తీరు ప్రశ్నలవి.

మన దేశమున వచ్చువాడు ఒంటరిగా రాడు. కోడలితో అత్తగారు, కుమారునితో తండ్రియు మేనమామయు వత్తురు. పాశ్చాత్య గ్రంథములు చదివినవాడు వారిని గుమ్మముకడనే ఆపివేయును. అది మర్యాద కాదు, తెలివియు కాదు. రోగి రాత్రివేళ లేచి తిరుగుచున్నాడని రోగికంటె ముందు తెలిసినది వారికే. అయితే అత్తగారు చెప్పుచున్నంతసేపు ఆ కోడలు నేలచూపులు చూచుచుండును. కావున అందఱను కూర్చుండబెట్టి కొంతసేపు విని, "ఇప్పుడు అమ్మాయితో కాసేపు విడిగా మాట్లాడతాను, అందరితోనూ అలాగే చేస్తాను" అని చెప్పి పంపవలెను. 'అందరితోనూ' అను మాటను విడువరాదు. అది లేనిచో, ఈమె మనమీద నేమి చెప్పబోవుచున్నదో యని బయటివారికి శంక కలుగును, ఆ శంకకు మూల్యము ఇంటికి పోయిన పిదప ఆ పిల్లయే చెల్లించును.

వినుచున్నంతసేపు కన్ను ఊరకుండదు. బట్టకట్టు, చూపు, చేతుల కదలిక, మాట వేగము, ఒక మాటకు మఱియొక మాటకు గల పొత్తు, లేనివి వినబడుచున్నవా కనబడుచున్నవా, నేడేవారమో తెలిసియున్నదా, తనకు బాధయున్నదని తానొప్పుకొనుచున్నాడా — వీనినన్నిటిని ఒక క్రమములో గుర్తించుటయు పరిప్రశ్నలోని భాగమే. క్రమమునకు ఇంత ప్రాముఖ్యమేల? న్యూయార్కు వైద్యులు స్కిజోఫ్రేనియా యనుచుండిన రోగులవంటివారినే లండను వైద్యులు వేఱొక వ్యాధిగా వ్రాయుచుండిరి. ఉభయ నగరములలోను ఒకే ప్రశ్నల వరుసతో శిక్షితులైనవారు పరీక్షింపగా ఆ భేదము చాలవరకు మాయమైనదని 1972లో ప్రకటించిరి. రోగులలోని భేదమనుకొన్నది ఎక్కువగా అడుగువారిలోని భేదము! స్వేచ్ఛగా విననిదే మనిషి దొరకడు. క్రమముగా నడుగనిదే వ్యాధి దొరకదు. ఈ రెంటిలో నొకదానినే పట్టుకొన్నవారిని నేను నమ్మను.

సలహా చెప్పుట మన సహజగుణము. పదునెనిమిదేండ్లవాడు కన్నీరు పెట్టగానే, మేమెన్ని కష్టములు పడలేదు, రోజూ పొద్దున్నే లేచి నడువు, దైవధ్యానము చేయి అని మొదలిడుదుము. ఆ మాటలు చెడ్డవి కావు. కాని అవి వానికి ముందే తెలియును, చేయలేకనే వచ్చెను. ఒహాయో స్టేట్ విశ్వవిద్యాలయములో కార్ల్ రోజర్స్ అను నాచార్యుడు ఇట్టి సంభాషణములను గ్రామఫోను పళ్లెరములపై నెక్కించి శిష్యులతో గూడ విని పరీక్షించెను. 1942లో ఆయన వెలువరించిన గ్రంథమున ఒకే వ్యక్తితో జరిగిన 8 సంభాషణములను మొదటినుండి తుదివరకు అచ్చువేసినారు. అంతకుముందు ఆ గదిలో నేమి జరుగునో కూర్చున్నవాని జ్ఞాపకమే సాక్ష్యము. పళ్లెరము తిరుగగానే, ఉపదేశమిచ్చు సలహాదారు వచ్చినవానికంటె తానే యెక్కువ మాటలాడుచున్నట్లు బయటపడెను. రోజర్సుగారి మార్గమంతయు నాకు సమ్మతము కాదు. తీవ్రమైన వ్యాధిలో నున్నవానికి ఊరక వినుట చాలదు, మందు కావలెను. కాని చెప్పినదానిని మన మాటలతో మరల చెప్పి, "నేను సరిగ్గానే అర్థం చేసుకున్నానా?" అని యడుగు నా యొక్క అలవాటు చాలును, సగము పొరపాట్లు తప్పును.

ఇప్పుడు బరువైన విషయమునకు వచ్చుచున్నాను. తల్లులు మన్నింపవలెను, ఈ మాట శుభసభలో పలుకరానిదని యెఱుగుదును. 2019లో తెలంగాణలో ఇంటర్మీడియట్ ఫలితములు వచ్చిన పిదప ఇరువదిమందికి పైగా బిడ్డలు ప్రాణము తీసికొనిరి. పరీక్షయొక్కటే కారణమని నేననను. ఇట్టివానికి కారణమొక్కటి యుండదు. కాని వారిలో ఎందఱిని, ఎవరైన, ముందుగా సూటిగా అడిగియుందురు? అడిగిన లేని యూహ పుట్టునని మనవారి భయము. ఈ భయమును పండితులు పలుమార్లు పరీక్షించిరి; అడుగుటవలన ఆ యూహ పెరుగునని సాక్ష్యము దొరకలేదు. అడిగినవారికి చెప్పుకొని మనసు తేలికపడినవారే కలరు. కావున పరిప్రశ్నలో ఈ ప్రశ్నను తప్పింపరాదు. మెట్టు మెట్టుగా దిగవలెను: "ఎప్పుడైనా బతకాలని లేదనిపించిందా?" అవుననిన, "చనిపోవాలన్న ఆలోచన వచ్చిందా?" అదియు అవుననిన, ఎట్లని తలచినాడో, దానికి కావలసినది అందుబాటులో నున్నదో, ఇంతకుముందు ప్రయత్నించెనో, నేటివరకు తన్ను ఆపుచున్నదేమో. గొంతు మారరాదు. "ఛ, అలాంటి మాటలు అనకూడదు" అను నొక్కమాటతో తలుపు మూసికొనిపోవును, మరల తెఱవబడదు. అపాయమున్నట్లు తోచిన, ఆ దినము వానిని ఒంటరిగా పంపరాదు, ఇంటిలోని పురుగుమందును, మాత్రలను మఱియొకరి స్వాధీనమున నుంచవలెను, వైద్యునికి చూపవలెను. 2022 అక్టోబరు నుండి కేంద్రప్రభుత్వమువారు టెలిమానస్ అను పేర నడుపుచున్న 14416 సంఖ్యకు ఏ వేళనైనను తెలుగులో మాటలాడవచ్చును. ఈ సంఖ్యను వసతిగృహపు ప్రతి గదిలోను గోడమీద వ్రాయించుటకు తీర్మానము కూడ అక్కఱలేదు.

తుదిగా రహస్యపాలనము. పరిప్రశ్న యంతయు దీనిమీదనే నిలిచియున్నది. 2017 నాటి మానసిక ఆరోగ్యసంరక్షణ చట్టములోని 23వ విభాగము వచ్చినవాని విషయములు గుప్తముగా నుండవలెనని శాసించుచున్నది. ప్రాణాపాయము తప్పించుటకును, ఇతరులకు హాని కలుగకుండుటకును, న్యాయస్థానపు టుత్తరువునకును, చికిత్స చేయు మఱియొక వృత్తివానికి తెలుపుటకును, ఇట్టి కొన్ని సందర్భములలోనే సడలింపు. ఈ సడలింపులను మొదటినాడే వచ్చినవానితో చెప్పవలెను. తరువాత చెప్పిన మోసము చేసినట్లగును.

మనవంటి సంఘములలో ఈ ధర్మము నిలుపుట మఱింత కష్టము. మనమందఱము బంధువులము. ఒకరి యింట దగ్గినచో మఱియొక యూరిలో వినబడును. "సంబంధం మాట్లాడుతున్నాం, ఆ పిల్ల మీ దగ్గరికేమైనా వచ్చిందా?" అని గౌరవనీయులే అడుగుదురు. వచ్చినదనియు చెప్పను, రాలేదనియు చెప్పను. ఎవరిని గుఱించి యడిగినను ఇదే జవాబు. రాలేదని యొకరిని గుఱించి చెప్పితినేని, చెప్పనివారందఱు వచ్చినవారే యగుదురు గదా! 2015–16లో బెంగుళూరులోని నిమ్హాన్సు సంస్థవారు 12 రాష్ట్రములలో విచారింపగా, పెద్దవారిలో నూటికి పదిమందికి పైగా ఏదో యొక మనోవ్యాధితో నున్నట్లును, వారిలో అధికసంఖ్యాకులు చికిత్స పొందనట్లును తేలినది. ఆ పండ్రెండింటిలో తెలుగు రాష్ట్రములు లేవు. మనమేదో మినహాయింపని తలచుటకు మాత్రము కారణము కనబడదు. చికిత్స పొందనివారిలో పెండ్లి చెడునను భయముతో దాగినవారెందఱో మీయింటి లోపలి గదులకు తెలియును.

కావున రేపటి తీర్మానములో, సలహాదారు నెలకొకమారు విద్యార్థుల పేర్లతో కార్యవర్గమునకు నివేదిక సమర్పింపవలెనను వాక్యము నుంచరాదని నా మనవి. దాతలకు తమ ద్రవ్యమెట్లు వినియోగమగుచున్నదో తెలియవలసినదే. ఎందఱు వచ్చిరి, ఎన్నిమారులు వచ్చిరి, ఎందఱిని ఆసుపత్రికి పంపిరి — ఈ సంఖ్యలు చాలును. పేరు వలదు, ఊరు వలదు. గదిని వార్డెనుగారి కచేరీ ప్రక్కన కట్టుదమని పటములో చూపినారు. అచ్చట గాక, గ్రంథాలయమునకు పోవు త్రోవలో నుంచినచో ఎవరు ఎక్కడికి పోవుచున్నారో ఎవరికిని తెలియదు. సలహాదారు కార్యవర్గసభ్యుల బంధువై యుండరాదు. మనవాడే కావలెనని పట్టుబట్టుటయు వలదు. మన యాచారవ్యవహారములు తెలిసినవాడైన చెప్పుకొనుట సులువని కొందఱు పిల్లలు తలతురు. మనవాడు గాకున్ననే నిర్భయముగా చెప్పుకొందుమని మఱికొందఱు తలతురు. ఇరువురకును అవకాశముండునట్లు వారమున నొకదినము బయటివారిని పిలిపించుట మంచిది. ఈ సవరణను వ్రాసి కార్యదర్శిగారి చేతికిచ్చియున్నాను. సభవారు చర్చించి యామోదింప వేడుచున్నాను.